ఉక్కు ఓడెక్కిన ముచ్చట

రాండ్రి, మంట దగ్గరికి జరుగుండ్రి. పుష్యమాసపు చలి ముసలోడు, పోరడు అని చూడదు. ఆ కందికట్టె జర లోపటికి ఎగదొయ్యి బిడ్డా. ఆఁ, గట్ల. ఇయ్యాల రాజుల కథ చెప్ప, దయ్యాల కథ చెప్ప. ఒక మాట కథ చెప్త. మన దిక్కు పుట్టి, ఓడలెక్కి, పేరు తప్పు రాయించుకొని, ఇంగ్లీషు డిక్షనరీల పోయి కూసున్న మాట అది.

అమెరికాల ఉన్న మా పెద్దమనుమడు ఫోన్ల అడిగిండు. వాడు ఆడ బడిల స్పెల్లింగు పోటీలకు చదువుతున్నడు. ఎవ్వరికీ తెలువని మాటలన్నీ ఏరుకొచ్చి బట్టీ పడుతున్నడు. "తాతా, డబ్ల్యూ, ఓ, ఓ, టీ, జెడ్. వూట్స్ అంటరట. కత్తులు చేసే ఉక్కట. ఇండియా మాటేనని రాసిన్రు. నువ్వు ఎప్పుడన్న విన్నవా?" అన్నడు. నాకు నవ్వాగలే. "ఓరి కొడుకా, నిన్ను పుట్టంగనే చూసి మీ నాయనమ్మ ఏమన్నదో ఎరుకేనా? ఉక్కుపిండం లెక్క ఉన్నడు అన్నది. గా ఉక్కే నీ వూట్స్" అన్న. వాడు నమ్మలే. "స్పెల్లింగుల కే లేదు కద తాతా" అన్నడు. ఆ కే ఎక్కడ పోయిందో చెప్పాల్నంటే రెండు వందల ఏండ్లు ఎనుకకు పోవాలె.

ముందుగాల ఉక్కంటే ఏందో తెల్సుకోవాలె. మా చిన్నప్పుడు ఊరి చివర చింతచెట్టు కింద కమ్మరి కొలిమి ఉండె. తొలకరి పడిందంటే నాగటి కర్రు చరిపించనీకి మా నాయిన నన్ను ఆడికి తోలేటోడు. ఇనుము వేరు, ఉక్కు వేరు అని నాకు నేర్పింది బడి కాదు, ఆ కొలిమే. గొడ్డలి మొత్తం ఇనుమే. అంచుకు మాత్రం కమ్మరి చిన్న ఉక్కుముక్క పెట్టి, రెండూ తెల్లగ కాలినంక సమ్మెటతోని అతికేటోడు. దాన్నే ఉక్కు పెట్టించుడు అనేటోళ్లు. ఉక్కు పెట్టని గొడ్డలి నాలుగు దెబ్బలకే మొద్దు వోతది. ఇనుము మెత్తగ వంగుతది, ఉక్కు అంచు నిలుపుతది. రెండింటికీ తేడా బొగ్గు పాలు. మెత్తటి ఇనుముల బొగ్గు ఇంచుమించు ఉండదు. మంచి ఉక్కుల నూటికి ఒక పాలు దాకా ఉంటది. ఆ కాలపు కత్తుల ఉక్కుల ఒకటిన్నర పాలు దాకా ఉండేది. అంత బొగ్గు పట్టిచ్చి కూడ పగులకుండ సాగగొట్టుడు మస్తు దేశాల కమ్మరులకు చేతకాలే. మనోళ్లకు చేతనైంది.

ఎట్ల చేతనైందంటరా? నిజామాబాదు జిల్లల కమ్మర్‌పల్లి దాపున కోనసముందర్ అని ఊరున్నది. పాత కాగితాలల్ల కోనసముద్రం అని రాసిన్రు. 1820 దిక్కు హెన్రీ వాయ్‌సీ అని ఒక ఇంగ్లీషు డాక్టరు ఆ ఊరు చూసిండు. లాంబ్టన్ అనే దొర అప్పుడు దేశమంత గొలుసులు పట్టి కొలుస్తుండె, ఆ సర్వేల ఈన డాక్టరు. రాళ్ల శాస్త్రం కూడ తెలిసినోడు. 1824ల సచ్చిపోయిండు. ఆయన రాసి పెట్టింది 1832ల కలకత్తల ఏషియాటిక్ సొసైటీ పత్రికల అచ్చయింది. ఇయ్యాల కోనసముందర్ ఉక్కు గురించి ప్రపంచంల ఎవరు రాసినా ఆ కొన్ని పుటలే పట్టుకుంటరు.

ఆయన చూసింది చెప్త, చెవులు పెట్టుండ్రి. అరిగిన గుండురాళ్ల నుంచి వచ్చిన గట్టి మట్టి తెచ్చేటోళ్లు. దాంట్ల పాత పొయ్యిల పెంకలు, పగిలిన మూసల ముక్కలు దంచి కలిపేటోళ్లు. ఊక, నూనె పోసి పిసికి మూసలు చేసేటోళ్లు. మూస అంటే ఎరుకే కద, అవుసలాయన బంగారం కరగబెట్టే మట్టి గిన్నె. గిది దానికన్న పెద్దది. దాంట్ల రెండు ఊర్ల ఇనుము కలిపేటోళ్లు. మిర్త్‌పల్లి ఇనుము మూడు పాళ్లు, కొండాపూర్ ఇనుము రెండు పాళ్లు. ఒకటి వాగుల దొరికే నల్ల ఇసుకతోని తీసింది, ఒకటి ఎర్ర రాతితోని తీసింది. ఒకటే ఊరి ఇనుము వాడితే తక్కువల అయిపోతుండె కద, ఎందుకు కలిపేటోళ్లు? ఆ కథ వెనక చెప్త, యాది పెట్టుకోండ్రి. ఆ పైన కొంచెం గాజు చిట్టెం వేసి, మూతి మట్టితోని మూసి, కొలిమిల పెట్టేటోళ్లు. ఎడ్ల తోలు తిత్తులు ఒకరెనక ఒకరు కొట్టుకుంట, ఒక పగలు ఒక రాత్రి మంట ఆరనియ్యకుండ ఉంచేటోళ్లు.

ఇరవైనాలుగు గంటలు తిత్తి కొట్టుడంటే మాటలు కాదు బిడ్డా. నేను మా కమ్మరి కొలిమి కాడ ఒక పూట తిత్తి గుంజితేనే మూడు దినాలు చెయ్యి లేవకపోతుండె.

మంట తగ్గినంక మూసలను తీసి చల్లారపెట్టి పగులగొడితే లోపల గుండ్రటి ఉక్కు దిమ్మ. పిడికిట్ల పట్టేటంత. అది అట్లనే కొడితే పగులుతది. అందుకని దానికి మట్టి పూసి మల్ల కొలిమిల పెట్టి, సన్న మంట మీద గంటలకొద్ది ఉంచి, తీసి చల్లార్చి, మల్ల పెట్టి... ఇట్ల ఒకసారి కాదు, మెత్తవడేదాక చేసేటోళ్లు. ఓపిక అంత ఆ మెత్తబరిచే పనిలనే ఉన్నది. మైసూరు, సేలం దిక్కు పని వేరు తీరు. ఆడ మూసల ఇనుముతోపాటు తంగేడు కట్టె ముక్కలు వేసి, పైన జిల్లేడాకు కప్పేటోళ్లు. ఆ ఆకు, ఆ కట్టె మూసలనే మాడి బొగ్గై ఇనుముల కలిసిపోయేది. మనం బతుకమ్మ మీద పేర్చే తంగేడే!

ఇగ కొన్నది ఎవరు? వాయ్‌సీ పోయేసరికి ఆ ఊర్ల ఇరాన్ వర్తకుడు మకాం పెట్టి ఉన్నడు. ఇస్ఫహాన్ నుంచి వచ్చినోడు. దిమ్మలను దగ్గరుండి తూకం వేయించి, పరీక్ష చేసి కొనేటోడు. మా దేశంల గీ తీరుగ చేయనీకి మస్తు చూసిన్రు గాని కుదరలేదు అని ఆ ఇరానీలు చెప్పిన్రని వాయ్‌సీ రాసిండు. ఆలోచించుండ్రి. ఎక్కడి ఇస్ఫహాన్, ఎక్కడి కోనసముందర్! మందెడ్ల మీద మూటలు కట్టి రేవుకు పోవుడు, ఓడల కెక్కిచ్చుడు, మల్ల ఒంటెల మీద ఎడారి దాటించుడు. అంత దూరం ఎవడన్న ఉత్త ఇనుము కోసం వస్తడా?

గిదేం కొత్త బేరం కాదు. గోలకొండ కుతుబ్‌షాహీల కాలంల ఫ్రాన్సు నుంచి తావెర్నియే అని వజ్రాల వ్యాపారి వచ్చిండు. నీటి గీతల కత్తులు చేయనీకి పనికొచ్చే ఉక్కు గోలకొండ రాజ్యం నుంచే పోతదని ఆయన రాసి పెట్టిండు. ఇంకో ఫ్రాన్సాయన, తెవెనో, 1660ల దిక్కు మన ఇందల్వాయి మీదికెల్లి పోయిండు. ఆడ కత్తులు, బాకులు, బల్లేలు చేస్తరు, ఇండియ మొత్తం అమ్ముతరు అని రాసిండు. ఆ ఇందల్వాయే ఇప్పుడు నిజామాబాదు రోడ్డు మీద బస్సు ఆగే ఇందల్వాయి. మచిలీపట్నం రేవుల అప్పటికే డచ్చోళ్లు కోఠీ పెట్టుకొని ఉన్నరు. తీరం నుంచి వేల దిమ్మలు ఇరాన్‌కు ఓడలల్ల పోయినయి.

అంతకన్న ఎనుకకు పోతే అరబ్బులు. వాళ్ల భాషల మంచి కత్తికి ముహన్నద్ అని పేరు. హింద్ దేశంది అని దాని అర్థం. తొమ్మిదో శతాబ్దంలనే అల్ కిందీ అని బాగ్దాద్ పండితుడు కత్తుల మీద పుస్తకమే రాసిండు. ఇటలీ మార్కోపోలో ఒందానిక్ అని రాసిన ఉక్కు కూడ ఆ హింద్ నుంచి పుట్టిన పేరేనని తేల్చిన్రు. ఇంకా ఎనుకకు, రెండు వేల ఏండ్ల కింద ఎర్ర సముద్రం వర్తకుల దారి పుస్తకం ఒకటున్నది, పెరిప్లస్ అని. అండ్ల కూడ ఆ తీరపు రేవులకు ఇండియ నుంచి వచ్చే సరుకు పట్టీల ఇనుము, ఉక్కు ఉన్నయి.

ఆ ఉక్కుతోని సిరియాల, ఇరాన్‌ల కత్తి చేస్తే పైన ఒక చిత్రం కనవడేది. కత్తిని నునుపుగ రుద్ది, పులుపు మందు నీళ్లు పూస్తే నల్లది, తెల్లది కలిసి గీతలు తేలేటివి. వాగుల నీళ్లు ఇంకినంక ఇసుక మీద మిగిలే అలల గుర్తుల లెక్క. ఎవరూ గీసినయి కావు, ఉక్కులనే పుట్టినయి. యూరపోళ్లు ఆ కత్తులను డమాస్కస్ కత్తులు అన్నరు. ఉక్కు మనది, పేరు డమాస్కస్‌ది.

డమాస్కస్ కత్తి మీద ఒక కథ ఉన్నది, మీకు నచ్చుతది. వాల్టర్ స్కాట్ 1825ల ది టాలిస్‌మన్ అని నవల రాసిండు. దాంట్ల ఇంగ్లండు రాజు రిచర్డు, సుల్తాన్ సలాదీన్ ఎదురుబొదురు కూసుంటరు. రిచర్డు తన బరువు కత్తి ఎత్తి ఇనుప గదను ఒక్క దెబ్బకు రెండు ముక్కలు చేస్తడు. అందరు ఔరా అంటరు. సలాదీన్ నవ్వి, మెత్తటి పట్టు దిండు నిలబెట్టి తన వంపు కత్తిని దాని మీదికెల్లి గుంజుతడు. దిండు రెండయితది. అసుంటి మెత్తటి దిండు బరువు కత్తితోని కొడితే తెగుతదా? తర్వాత పల్చటి మేలిముసుగును గాలిల ఎగరేసి కత్తితోని రెండు ముక్కలు చేస్తడు. ఇది జరిగిన ముచ్చట అని మస్తుమంది అనుకుంటరు. కాదు, స్కాట్ కట్టిన కథే. రిచర్డు, సలాదీన్ ఎదురెదురుగ ఎన్నడు కలువనే లేదు. కని ఆ నవల చదివిన యూరపంతా ఆ కత్తి మీద మోజు పడ్డది.

ఇగ అసలు ముచ్చట, కే ఎట్ల పోయింది?

బొంబాయిల హెలెనస్ స్కాట్ అని ఒక డాక్టరు ఉండె. నవల రాసినాయన కాదు, వేరే స్కాట్. 1794ల ఈయన లండన్ రాయల్ సొసైటీ పెద్ద జోసెఫ్ బ్యాంక్స్‌కు ఉత్తరం రాసి, కొన్ని ఉక్కు దిమ్మలు పంపిండు. ఈ ఉక్కును ఈడ వూట్స్ అంటరు, జనాలకు దీని మీద మస్తు గౌరవం అని రాసిండు. మరుసటేడు, 1795ల, జార్జ్ పియర్సన్ అనే ఆయన ఆ దిమ్మలను పరీక్ష చేసి రాయల్ సొసైటీల పత్రం చదివిండు. బొంబాయిల చేసే, ఆడ వూట్స్ అనే ఉక్కు అని పత్రం పేరులనే పెట్టిండు. గట్ల మాట అచ్చుల పడ్డది. ఒకసారి అచ్చుల పడితే ఇగ ఎవరు దిద్దుతరు?

1886ల యూల్, బర్నెల్ అని ఇద్దరు ఇండియా ఇంగ్లీషు మాటల మీద హాబ్సన్ జాబ్సన్ అనే పెద్ద నిఘంటువు వేసిన్రు. వాళ్లు ఏమన్నరంటే, ఇది రాతపొరపాటో, చదువుట్ల పొరపాటో అయ్యుంటది. కన్నడంల ఉక్కు. పలికితే వుక్కు లెక్క వినవడుతది. దాన్ని వూక్ అని రాస్తే, చేతిరాతల చివరి అక్షరాన్ని ఎవరో వేరే తీరు చదువుకొని వూట్స్ చేసిన్రు అని వాళ్ల ఊహ. తెలుగుల కూడ అదే ఉక్కు. మన సి.పి. బ్రౌన్ దొర 1852 తెలుగు నిఘంటువుల ఉక్కు అనే మాట సక్కగనే ఉన్నది. కని అప్పటికే ఇంగ్లీషు దేశంల వూట్స్ పాతుకపోయింది.

ఆ మాటను లండన్ బజార్ల నడిపించింది జేమ్స్ స్టోడార్ట్. స్ట్రాండ్ వీధిల ఆయనకు దుకాణం. డాక్టర్లకు కోత కత్తులు, గడ్డం కత్తులు చేసేటోడు. స్కాట్ పంపిన ఉక్కుతోని కలంకత్తి చేసి చూసిండు. నచ్చింది. దుకాణం కార్డు మీదనే, యూరపు ఉక్కు కన్న ఇండియా వూట్స్‌నే ఏండ్ల పరీక్షల తర్వాత నేను మెచ్చిన అని వేయించుకున్నడు. మనూరి కమ్మరి తెల్లగ కాలిన ఉక్కును అతుకుతుంటే, లండన్ల డాక్టరు అదే ఉక్కు కత్తితోని పుండు కోస్తున్నడన్నట్టు.

ఈ స్టోడార్ట్‌తోని మైఖేల్ ఫారడే జత కలిసిండు. మీరు సైన్సు పుస్తకంల చదివిన ఫారడేనే, కరెంటు ఫారడే. ఆయన తండ్రి కూడ కమ్మరే. 1819ల వూట్స్‌ను పరీక్ష చేసిండు. ఆ గీతలకు, గట్టితనానికి అండ్ల కలిసిన అల్యూమినా, సిలికా వంటివి కారణం అనుకున్నడు. అది తప్పే. కని ఆ తప్పు మంచికే అయింది. ఉక్కుల వేరే లోహాలు కలిపి చూద్దామని వెండి, ప్లాటినం, రోడియం కలిపి స్టోడార్ట్‌తోని కలిసి 1820, 1822ల పత్రాలు వేసిన్రు. వాళ్లు చేసిన ఉక్కు ముక్కలు ఒక పెట్టెల మూలకు పడి ఉంటే, నూరేండ్లకు రాబర్ట్ హ్యాడ్‌ఫీల్డ్ 79 ముక్కలు పరీక్ష చేసి 1931ల పుస్తకం వేసిండు. మిశ్రమ ఉక్కుల మీద మొదటి పని అదేనని చెప్పిండు. చూసిన్రా, మన ఉక్కు దిమ్మ ఎక్కడి దాకా పోయిందో!

గీతల గుట్టు బొగ్గే అని పారిస్ టంకశాలల బ్రెయాన్ 1820లల్ల తేల్చిండు. రష్యాల పావెల్ అనోసోవ్ ఉరల్ కొండల జ్లతోఉస్త్ కొలిమిల ఏండ్లు కష్టపడి అసుంటి కత్తులు మల్ల చేసి 1841ల పుస్తకం రాసిండు. వాళ్లు దాన్ని బులాత్ అంటరు. ఇరాన్ వాళ్ల పౌలాద్ మాటే అది, మన ఉర్దూల ఫౌలాద్. ఇంకో ముక్క ఉన్నది. అమెరికాల వెర్హోవెన్ అనే ప్రొఫెసరు, కత్తులు చేసే పెండ్రేతోని కలిసి 1990లల్ల ఇంకోటి తేల్చిండు. ఇనుములనే చిటికెడులో చిటికెడు వనాడియం వంటి లోహం ఉంటేనే గీతలు సక్కగ వరుస కడతయి. అంటే ఏ గుట్టల ఇనుపరాయి అనేది కూడ పని చేస్తది. ఇప్పుడు చెప్పుండ్రి, కోనసముందర్ వాళ్లు రెండు ఊర్ల ఇనుము మూడుకు రెండు పాళ్లు ఎందుకు కలిపేటోళ్లు? వాళ్లకు వనాడియం పేరు తెలువదు. కని ఏది కలిపితే ఏది వస్తదో చేతికి తెలుసు. 2006ల జర్మనీ శాస్త్రవేత్తలు 17వ శతాబ్దపు డమాస్కస్ కత్తిల సూక్ష్మమైన బొగ్గు నాళాలు కనవడ్డయని నేచర్ పత్రికల రాసిన్రు.

ఇప్పుడు ఇంగ్లీషుల వూట్స్ అని ఎక్కడ వాడతరంటరా? మొదట, దక్షిణ భారతంల మూసల చేసిన ఉక్కు దిమ్మకు పేరు. వూట్స్ దిమ్మ, వూట్స్ కత్తి అని ముందు చేర్చి కూడ రాస్తరు. కత్తికే పేరు కాదు, కత్తి చేసిన ఉక్కుకు పేరు. ఆ మాటను చరిత్రకారులు, లోహశాస్త్రం వాళ్లు, కత్తులు చేసే షోకున్నోళ్లు తప్ప ఎవ్వరూ అనరు. ఇప్పటి కత్తులోళ్లు మాత్రం మూసల కరిగించి గీతలు తేలేటట్టు చేసిన ఏ ఉక్కునైనా వూట్స్ అంటున్నరు. ఆన్‌లైన్‌ల డమాస్కస్ అని అమ్మే వంటింటి కత్తులల్ల ఎక్కువ మటుకు వేరు. అవి రెండు రకాల ఉక్కు రేకులు ఒకదాని మీద ఒకటి అతికి కొట్టినయి. గీతలుంటయి, కని అది కోనసముందర్ పని కాదు. మనుమడికి నేను చెప్పింది గిదే. పోటీల అడిగితే మూసల ఉక్కు అని చెప్పు, రేకుల ఉక్కు అని చెప్పకు అన్న.

మరి ఆ కొలుములు ఎందుకు ఆరిపోయినయి అంటరా? కత్తి పోయి తుపాకి వచ్చింది. ఇరాన్ బేరం తగ్గింది. 1856ల ఇంగ్లండుల బెసెమర్ గాలి ఊది టన్నులకొద్ది ఉక్కు చేసే పద్ధతి పెట్టిండు. సీమ ఇనుప పట్టీలు అగ్గువకు రావట్టినయి. బొగ్గు కోసం అడివి కొట్టుకుంట ఒక పగలు ఒక రాత్రి తిత్తులు కొట్టి పిడికెడు ఉక్కు తీసినోడు ఆ ధరకు ఎట్ల నిలుస్తడు? కొడుకులు నాగటి కర్రులు చరిపే పనికి దిగిన్రు, మనుమలు బండ్ల రిపేరుకు పోయిన్రు. పని పోయినంక ఆ పని మాటలు కూడ పోయినయి. ఇనుపరాయి రకాలకు, మంట రంగులకు, దిమ్మ మీద గీతలకు వాళ్లు ఏమి పేర్లు పెట్టుకున్నరో వాయ్‌సీ రాయలే. ఆయన రాసింది ఆయనకు వినవడ్డ మటుకే.

2010 దిక్కు బెంగళూరు ఉన్నత పరిశోధనా సంస్థ వాళ్లు, ఇంగ్లండు ఎక్సెటర్ యూనివర్సిటీ వాళ్లు కలిసి మన ఉత్తర తెలంగాణ ఊర్లు మస్తు తిరిగి ఇనుపరాయి, చిట్టెం కుప్పలు, మూసల పెంకలు లెక్క రాసుకున్నరు. శారదా శ్రీనివాసన్, రంగనాథన్ అనే ఇద్దరు 2004లనే ఈ ఉక్కు మీద పుస్తకం వేసిన్రు. ఇంత పని జరిగింది. కని మనూర్లల్ల చిట్టెం కుప్పలంటే ఇంకా గట్టు రాళ్లే. పొలం చదును చేసేటప్పుడు ట్రాక్టరు పెట్టి ఎత్తి గుంతలల్ల పోస్తున్నరు.

అందుకని మీకొక్కటే మాట చెప్త పోరగాళ్లూ. పొలాల దిక్కు పోయినప్పుడు నల్లగ, నునుపుగ, బుడగలు పడ్డ బరువు రాయి కనవడితే తన్నకుండ్రి, అది కొలిమిల కారిన చిట్టెం అయ్యుంటది. పొలంల కుప్ప ఉంటే ట్రాక్టరోన్ని ఆపి ఊరి బడిపంతులుకు చెప్పుండ్రి. ఊర్ల ముసలి కమ్మరి ఎవరన్న ఉంటే పోయి కూసోండ్రి. ఆయన పనిముట్లకు, ఆయన పనికి ఆయన ఏ పేరు చెప్తే అదే, ఆయన పలికినట్టే, తెలుగుల రాసి పెట్టుండ్రి. మనం రాసుకోలేదు కాబట్టే బొంబాయిల ఒకరు విన్నది, లండన్ల ఒకరు చదివింది మన ఉక్కుకు పేరైంది.